ఆయుధం, సాక్ష్యం, సందేహం
ఒక చారిత్రక పరిశీలన

హత్య జరిగితే శవం ఉంటుంది. దొంగతనం జరిగితే సొమ్ము పోగొట్టుకున్న మనిషి ఉంటాడు. అనుమతి లేకుండా ఆయుధాన్ని దగ్గర ఉంచుకోవటమనే నేరంలో మాత్రం బాధితుడెవడూ కనిపించడు. ఒక తుపాకీ ఉంటుంది. అది ఫలానా వాని దగ్గర దొరికిందని చెప్పే అధికారి ఉంటాడు. తుపాకీకి నోరు లేదు. తాను ఎవరి నడుములో ఉండినదీ, ఎవరి పెట్టెలోకి ఎవరు తెచ్చి పెట్టినదీ అది చెప్పలేదు. కనుక కేసు యావత్తూ దానిని పట్టుకున్నవాని మాట మీద ఆధారపడుతుంది. ఆ మాటకు మరొకరి మాట తోడు కావాలా? తోడు వచ్చిన సాక్ష్యంలో ఎంత తేడా ఉంటే న్యాయాధిపతి చేయి ఆపుకోవాలి? ఒక మనిషి కొన్ని సంవత్సరాల స్వేచ్ఛ ఈ రెండు ప్రశ్నల జవాబు మీద నిలిచి ఉంటుంది.

ఈ సందర్భంలో మన వక్తలూ రచయితలూ తరచుగా ఒక మాట చెబుతుంటారు: “సందేహం ఉంటే శిక్ష ఆపండి అన్న సూత్రాన్ని ఇస్లాం పదమూడు శతాబ్దాలకు ముందే ఇచ్చింది, నేటి కోర్టులు చెప్పే సహేతుకమైన సందేహం అదే” అని. ఈ మాటలో నిజం ఉంది. కాని అది మొత్తం నిజం కాదు. ఆయుధాల కేసుకు ఆ సూత్రం నేరుగా వర్తిస్తుందా అని ఫిఖ్హ్ గ్రంథాలను అడిగితే వచ్చే జవాబు వేరు. ఆ జవాబు ఏమిటో, అది మన దేశపు న్యాయస్థానాల చరిత్రతో ఎక్కడ కలుస్తుందో పరిశీలించటమే ఈ వ్యాసం ఉద్దేశం.

షరీఅత్‌లో ఆయుధం

ముందుగా గమనించవలసిన విషయం, ఆయుధాన్ని కలిగి ఉండటం తనంతట తానుగా పూర్వపు ధర్మశాస్త్రవేత్తల దృష్టిలో నేరం కాదు. కత్తి, విల్లు సామాన్య గృహస్థుని ఇంట కూడా ఉండేవి. అయితే ఆయుధం వల్ల ఇతరులకు హాని కలుగకుండా కట్టుబాట్లు మాత్రం ఉన్నాయి. మస్జిదులోనో బజారులోనో బాణాలతో నడిచేవాడు ఎవరికీ గుచ్చుకోకుండా వాటి మొనలను పట్టుకొని నడవాలని దైవప్రవక్త (సఅసం) ఆదేశించినట్లు సహీహ్ బుఖారీలో ఉంది. అంతఃకలహాల కాలంలో కలహకారులకు ఆయుధాలు అమ్మటం మక్రూహ్ అని హనఫీ గ్రంథాలు చెబుతున్నాయి.

దీనిని బట్టి, రాజ్యం ప్రజాశాంతి కోసం ఆయుధాలపై అనుమతి విధానం పెట్టి, దానిని మీరినవారిని శిక్షిస్తే, ఆ శిక్ష ఫిఖ్హ్ పరిభాషలో ‘తఅజీర్’ తరగతిలోకి వస్తుందని తెలుస్తుంది. అంటే గ్రంథం నిర్ణయించిన ‘హద్దు’ శిక్ష కాదు. పాలకుడు, న్యాయాధిపతి తమ విచక్షణతో నిర్ణయించే శిక్ష. ఈ భేదం ముందు ముందు మనకు చాలా అవసరమవుతుంది.

ఒకే కత్తి, రెండు తీర్పులు

చేతిలో దొరికిన ఆయుధం ఎంతవరకు సాక్ష్యం? ఈ విషయమై ఇస్లామీయ న్యాయ సాహిత్యంలో రెండు ప్రసిద్ధ ఉదాహరణలు ఉన్నాయి. రెండింటిలోనూ నెత్తురంటిన కత్తి ఉంది. ఫలితాలు మాత్రం భిన్నం.

మొదటిది ఇబ్నుల్ ఖయ్యిమ్ (మరణం 1350) తమ ‘అత్తురుఖుల్ హుక్మియ్యా’లో ఉదహరించిన వృత్తాంతం. పాడుబడిన ఒక చోట రక్తంలో తడిసిన శవం ముందు కత్తి పట్టుకొని ఉన్న మనిషిని బంధించి హజ్రత్ అలీ (రజి) ఎదుటకు తెచ్చారు. అతడు నేరం ఒప్పుకున్నాడు. అతనిని శిక్షకు తీసుకుపోతుండగా మరొకడు పరుగున వచ్చి, చంపింది తానని చెప్పాడు. మొదటివానిని అడిగితే అసలు సంగతి బయటపడింది. అతడు కసాయి. ఆవును కోసి, కత్తి చేతిలో ఉండగానే కాలకృత్యానికి ఆ పాడుచోటికి పోయాడు; శవాన్ని చూసి నిర్ఘాంతపోయి నిలబడిపోయాడు; అంతలో జనం చుట్టుముట్టారు. ఇంతమంది కళ్లతో చూస్తుండగా తన మాట ఎవరు నమ్ముతారని నిరాశతో ఒప్పేసుకున్నాడు. అతడు విడుదలయ్యాడు. నిజం చెప్పి ఒక నిర్దోషి ప్రాణం నిలిపినందుకు రెండవవానిని కూడా వదిలి, మృతుని రక్తపరిహారాన్ని బైతుల్ మాల్ నుండి చెల్లించారని కథనం.

రెండవది 1869-1876 మధ్య ఉస్మానీయ సామ్రాజ్యంలో వెలువడిన ‘మజల్లా’ అనే న్యాయ సంహిత 1741వ అధికరణంలోనిది. ఖాళీ ఇంటి నుండి ఒకడు భయంతో, నెత్తురు కత్తితో బయటికి వచ్చాడు. వెంటనే లోపలికి పోయి చూస్తే అప్పుడే చంపబడిన మనిషి ఉన్నాడు. ఇతడే హంతకుడనటంలో అనుమానం లేదనీ, ‘ఇతడు కాకపోవచ్చు’ననే ఊహామాత్రపు అవకాశాలను లెక్కచేయనక్కరలేదనీ మజల్లా చెబుతుంది. దీనినే ‘ఖరీనా ఖాతిఆ’, అంటే నిశ్చయాత్మకమైన సందర్భ సాక్ష్యం అన్నారు.

ఈ రెండూ పరస్పర విరుద్ధమని కొందరికి తోచవచ్చు. నిజానికి ఖరీనాలను కోర్టులు పూర్తిగా తోసిపుచ్చరాదని గట్టిగా వాదించినవారు ఇబ్నుల్ ఖయ్యిమే. కసాయి వృత్తాంతాన్ని భద్రపరచినదీ ఆయనే. తేడా ఎక్కడ ఉంది? మజల్లా ఉదాహరణలో ఇల్లు ఖాళీ. బయటికి వచ్చినవాడు తప్ప మరొకరు లేరు. పాడుచోటు అలా కాదు. ఎవరైనా రావచ్చు, పోవచ్చు. ఆయుధం ఒకటే అయినా, దాని చుట్టూ ఉన్న చోటు మరొకరికి తావిచ్చేదా కాదా అన్నదే తీర్పును మార్చింది. నేటి ఆయుధాల కేసులో కూడా న్యాయవాది వేసే మొదటి ప్రశ్న ఇదే: తుపాకీ దొరికిన గదికి తాళం చెవి ఎవరి దగ్గర ఉంది? ఆ ఇంట్లో ఇంకా ఎవరెవరు ఉంటారు?

హిదాయా చెప్పే సాక్షి

చోటు తరువాత సాక్షి. ఈ అంశంపై బుర్హానుద్దీన్ మర్గీనానీ (మరణం 1197) రచించిన ‘హిదాయా’లోని సాక్ష్య ప్రకరణం మన విషయానికి ఎంతో దగ్గరగా ఉంటుంది. అందులో మూడు అంశాలు పేర్కొనదగినవి.

ఒకటి, ‘తజ్కియా’. సాక్షి నడవడిని గురించి న్యాయాధిపతి విచారించటాన్ని తజ్కియా అంటారు. సాధారణ వ్యవహారాల్లో ప్రతివాది ఆక్షేపించనంత వరకు ముస్లిం సాక్షి పైకి కనిపించే మంచితనంతో సరిపెట్టుకోవచ్చునని ఇమామ్ అబూ హనీఫా అభిప్రాయం. హుదూద్, ఖిసాస్ కేసుల్లో మాత్రం తప్పక విచారించాలి. ఆయన శిష్యులైన అబూ యూసుఫ్, ముహమ్మద్‌లు అన్ని కేసుల్లోనూ రహస్యంగాను, బహిరంగంగాను విచారించవలసిందేనన్నారు. కాలం చెడింది కనుక శిష్యుల మాట మీదనే ఫత్వా నిలిచింది. సాక్షుల సంఖ్య ఒక్కటే చాలదు, వారి యోగ్యత కూడా తేలాలి అన్నది దీని సారాంశం.

రెండు, ప్రభుత్వోద్యోగి సాక్ష్యం. పాలకుని కొలువులో ఉన్నవారి సాక్ష్యం చెల్లుతుందా? చెల్లుతుందని హిదాయా చెబుతుంది. కొలువు చేయటం తనంతట పాపం కాదు గనుక ఉద్యోగి అన్న కారణంతో సాక్షిని తిరస్కరించరాదు. అయితే వెంటనే ఒక మినహాయింపు కూడా చెబుతుంది: వారు దౌర్జన్యానికి తోడ్పడేవారు కానంతవరకే. పోలీసు అధికారి మాటను నమ్మాలా వద్దా అని నేడు మనం చేసే వాదమంతా ఈ రెండు వాక్యాల మధ్య ఇమిడిపోతుంది.

మూడు, సాక్షుల మధ్య తేడా. ఒకడు ఆవును దొంగిలించాడని ఇద్దరు సాక్ష్యమిచ్చారు. కాని ఆవు రంగు విషయంలో ఇద్దరికీ పొత్తు కుదరలేదు. అబూ హనీఫా ఆ సాక్ష్యాన్ని అంగీకరించారు. దొంగతనం సాధారణంగా రాత్రివేళ జరుగుతుంది, దూరం నుంచి చూసినవారికి రంగు సరిగా తెలియకపోవచ్చు. పశువుకు ఒక ప్రక్క ఒక రంగు, మరో ప్రక్క మరో రంగు ఉండవచ్చు. ఒక్కొక్కరు ఒక్కొక్క ప్రక్కనే చూసి ఉండవచ్చు. శిష్యులిద్దరూ ఒప్పుకోలేదు. రంగు మారితే పశువే మారినట్లు, అప్పుడు ఒక్కో పశువుకు ఒక్కో సాక్షే మిగిలాడు అన్నారు. ఒకడు ఆవు అనీ మరొకడు ఎద్దు అనీ చెబితే మాత్రం శిక్ష లేదని అందరి మాట. సాక్షుల పొరపాటు ఎక్కడ మానవ సహజమో, ఎక్కడ అది విషయాన్నే మార్చివేస్తుందో తేల్చటానికి ఇంతకన్న చక్కని ఉదాహరణ దొరకటం కష్టం. రివాల్వరు కుడి జేబులో ఉందా ఎడమ జేబులో ఉందా అన్న తేడా ఆవు రంగు వంటిది కావచ్చు. ఒక సాక్షి రివాల్వరు అని, మరొక సాక్షి నాటు తుపాకీ అని చెబితే అది ఆవు, ఎద్దుల తేడా.

‘షుబ్హా’ను సందేహం అనవచ్చునా?

ఇప్పుడు మొదట ప్రస్తావించిన సూత్రానికి వద్దాం. వీలైనంత వరకు హద్దు శిక్షలను తప్పించండి, దారి ఉంటే మనిషిని విడిచిపెట్టండి, పాలకుడు శిక్షలో పొరబడటం కన్న క్షమలో పొరబడటం మేలు అనే భావం గల హదీసు తిర్మిజీలో హజ్రత్ ఆయిషా (రజి) ద్వారా ఉల్లేఖించబడింది. దాని పరంపర గురించి హదీసువేత్తలు చర్చించారు; అయినా ఆ భావాన్ని ఫిఖ్హ్‌వేత్తలు విస్తృతంగా స్వీకరించి, ‘షుబ్హా ఉంటే హుదూద్ తొలగిపోతాయి’ అనే సూత్రంగా చేశారు.

కాని ఇక్కడి ‘షుబ్హా’కు మన ‘సందేహం’ సరిసమానం కాదు. సాక్ష్యంలోని సందేహం అందులో ఒక భాగం మాత్రమే. సంఘటనలన్నీ నిస్సందేహంగా రుజువైన తరువాత కూడా షుబ్హా ఉండవచ్చు. ఉదాహరణకు, తండ్రి కొడుకు సొమ్ము తీశాడు. తీసినట్లు అందరికీ తెలుసు. అయినా కొడుకు సొమ్ములో తండ్రికి ఒక విధమైన హక్కు ఉందనే పోలిక కారణంగా హద్దు పడదు. ఇది న్యాయమూర్తి మనసులోని అనుమానం కాదు. చర్యలోనే ఉన్న అస్పష్టత. అదీ గాక, తఅజీర్ శిక్షకు ఈ సూత్రం వర్తించదని, షుబ్హా ఉన్నా తఅజీర్ నిలుస్తుందని ఇబ్ను నుజైమ్ వంటి హనఫీ పండితులు స్పష్టంగానే వ్రాశారు. ఆయుధాల నేరం తఅజీర్ తరగతిది అనుకుంటే, ఈ హదీసును పట్టుకొని చేసిన వాదం సరిగ్గా అవసరమైన చోటే జారిపోతుంది.

అయితే ముద్దాయికి రక్షణ లేనట్లేనా? అలా కాదు. అతనికి రక్షణ మరొక చోట, ఇంకా లోతైన పునాదిపై ఉంది. నిశ్చయం అనుమానంతో తొలగిపోదు అన్నది మజల్లా 4వ అధికరణం. మనిషి మూలతః ఏ బాధ్యతా లేనివాడు అన్నది 8వ అధికరణం. రుజువు వాదిపై, ప్రమాణం నిరాకరించేవానిపై అన్నది 76వ అధికరణం. ఇది ప్రవక్త ప్రవచనంపై ఆధారపడినది. ఈ మూడు సూత్రాలు హుదూద్‌కు పరిమితం కావు. మనిషి నిర్దోషిత్వం నిశ్చితమైన స్థితి. దానిని తొలగించాలనుకునేవాడు అంతే నిశ్చయాన్ని తేవాలి, అనుమానం చాలదు. ఆయుధం దొరికిందని చెప్పే అధికారి ఇక్కడ వాది స్థానంలో ఉన్నాడు. వాది తన వాదానికి తానే సాక్షి కాలేడు కనుక అతనికి తోడు సాక్ష్యం అవసరమవుతుంది.

ఒక మాట ప్రయాణం

ఈ సూత్రాలు తెలుగువారికి పరాయివి కావు. 1772లో వారన్ హేస్టింగ్స్ ఏర్పరచిన ఫౌజ్దారీ అదాలతుల్లో ఖాజీలు, ముఫ్తీలు హనఫీ న్యాయం ప్రకారమే నేర విచారణ సాగించారు. చార్లెస్ హామిల్టన్ పారసీ నుండి చేసిన హిదాయా ఆంగ్లానువాదం 1791లో వెలువడింది. 1802 శాసనాలతో మద్రాసు రాజధానిలోనూ ఫౌజ్దారీ అదాలతు వచ్చింది. అందుచేత కోస్తా జిల్లాల్లో తెలుగువాని నేరాన్ని విచారించిన కోర్టులో కూడా చాలాకాలం ముఫ్తీ ఫత్వాకు చోటు ఉండింది.

కంపెనీ ప్రభుత్వం ఈ న్యాయాన్ని యథాతథంగా ఉంచలేదు. సాక్షి ముస్లిం కాడన్న ఒక్క కారణంతో అతని సాక్ష్యం చెల్లదని ముఫ్తీ చెబితే, అతడే ముస్లిం అయి ఉంటే ఏమి తీర్పు చెప్పేవారో అడిగి దానిని బట్టి నడుచుకోవాలని 1793 నాటి బెంగాలు శాసనం నిర్దేశించింది. బహుమతస్థుల దేశంలో ఇది అవసరమైన మార్పే. 1832లో ఫత్వా లేకుండానే విచారణ ముగించే వీలు కల్పించారు. 1862 జనవరి 1 నుండి శిక్షాస్మృతి అమలులోకి రావటంతో ఫత్వా అధ్యాయం ముగిసింది.

న్యాయం పోయింది గాని మాటలు మిగిలాయి. దావా, వకీలు, జామీను, ఫిర్యాదు, హాజరు వంటివి అదాలతుల నుండి మన ఊళ్లకు వచ్చి స్థిరపడ్డాయి. వాటిలో ఒకటి మాత్రం తలక్రిందులైంది. అరబ్బీలో ‘ముద్దఈ’ అంటే వాది, ఆరోపణ చేసేవాడు. తెలుగులో ‘ముద్దాయి’ అంటే ఆరోపణకు గురైనవాడు! ‘అల్ బయ్యినతు అలల్ ముద్దఈ’ అనే సూత్రాన్ని అరబ్బీ మాటను అలాగే ఉంచి తెలుగులో చెబితే, రుజువు భారం ముద్దాయిదే అని వినిపిస్తుంది. అనువదించేవాడు ఇక్కడ ‘వాది’ అని వ్రాసి తీరవలసిందే. మాటలో జరిగిన ఈ తారుమారు కోర్టులో కూడా జరిగితే ఏమవుతుందో ఊహించుకోవచ్చు. ‘నీ ఇంట్లో దొరికింది, నీది కాదని నీవే నిరూపించుకో’ అన్నప్పుడు జరిగేది సరిగ్గా అదే.

చట్టాలు, తీర్పులు

ఆయుధం కలిగి ఉండటాన్ని భారతదేశంలో విస్తృతంగా నేరం చేసినది 1857 తిరుగుబాటు అనంతర కాలం. 1878లో లిట్టన్ ప్రభుత్వం తెచ్చిన ఆయుధాల చట్టం భారతీయులకు లైసెన్సు తప్పనిసరి చేసి, యూరోపియనులకు మినహాయింపులు ఇచ్చింది. ఆ వివక్షపై జాతీయోద్యమం ఎంతో నిరసన తెలిపింది. స్వతంత్ర భారతంలో 1959 నాటి చట్టం దాని స్థానంలో వచ్చి 1962లో అమలైంది. ఈ చట్టం క్రింద లైసెన్సు లేని తుపాకీ కేసు నడపాలంటే 39వ సెక్షను ప్రకారం జిల్లా మేజిస్ట్రేటు ముందస్తు అనుమతి కావాలి. ఇదొక వడపోత.

సాక్ష్యం విషయంలో 1872 నాటి చట్టాన్ని రూపొందించిన జేమ్స్ ఫిట్జ్‌జేమ్స్ స్టీఫెన్ సాక్షుల సంఖ్యను నియమంగా పెట్టలేదు. ఏ విషయం రుజువుకైనా ఇంతమంది సాక్షులే కావాలని లేదని 134వ సెక్షను చెప్పింది. 2024 జూలై 1 నుండి అమలులో ఉన్న భారతీయ సాక్ష్య అధినియమంలోనూ ఇదే నియమం కొనసాగుతున్నది. వివేకవంతుడు నిజమని నమ్మి నడుచుకునేంత సంభావ్యత ఉంటే రుజువైనట్లే అన్నది స్టీఫెన్ ఇచ్చిన కొలబద్ద. ‘సహేతుకమైన సందేహం’ అనే మాట ఆ నిర్వచనంలో లేదు. అది ఆంగ్లేయ న్యాయ సంప్రదాయం నుండి తీర్పుల ద్వారా వచ్చి నిలిచింది.

అయితే సోదాల విషయంలో శాసనకర్తలు వేరే జాగ్రత్త తీసుకున్నారు. ఒక స్థలాన్ని సోదా చేసేటప్పుడు ఆ ప్రాంతపు గౌరవనీయులైన ఇద్దరిని పిలవాలని 1898 నేర విచారణ స్మృతి 103వ సెక్షను, తరువాత 1973 స్మృతి 100వ సెక్షను విధించాయి. 1973లో ‘స్వతంత్రులైన’ అనే మాట కూడా చేరింది. నేటి నాగరిక సురక్షా సంహితలో ఇది మళ్లీ 103వ సెక్షనే. పైగా 105వ సెక్షను సోదాను దృశ్య శ్రవణ సాధనాలతో నమోదు చేయాలంటున్నది. మన ప్రాంతంలో పంచులు, మధ్యవర్తులు అని పిలిచేది ఈ సాక్షులనే. వారి యోగ్యతను చట్టం రెండు విశేషణాలతో చెప్పింది: స్వతంత్రత, గౌరవం. ఇది తజ్కియా పని చేయదు గాని, తజ్కియా కోరిన దానినే కోరుతున్నది.

ఈ నియమం తప్పినంత మాత్రాన కేసు కొట్టివేయవలసిన పని లేదని సుప్రీంకోర్టు ఒక తీర్పులో చెప్పింది. అటువంటప్పుడు సాక్ష్యాన్ని మరింత జాగ్రత్తగా పరిశీలించాలి. 1972లో ఒక ఆయుధాల కేసులో ‘కలిగి ఉండటం’ అంటే ఏమిటో వివరిస్తూ, ఆ వస్తువు ఉన్నదనే ఎరుక ఉండాలనీ, చేతిలో లేకపోయినా దానిపై అధీనం ఉంటే చాలుననీ నిర్ణయించింది. 1973లో ఒకదాని వెంట ఒకటి రెండు తీర్పులు వచ్చాయి. ప్రతి చిన్న అనుమానానికీ దోషులను వదిలితే సమాజం నష్టపోతుందని జస్టిస్ కృష్ణయ్యర్ హెచ్చరించారు. నిర్దోషికి శిక్ష పడటం వల్ల కలిగే నష్టం అంతకన్న తీవ్రమైనదని జస్టిస్ ఖన్నా వ్రాశారు. 2000లో, పోలీసు చర్యలను అపనమ్మకంతోనే మొదలుపెట్టి చూడటం వలస కాలపు అలవాటని కోర్టు అన్నది. ఇది హిదాయాలోని మొదటి వాక్యం. దౌర్జన్యానికి తోడ్పడనంత వరకే అన్న రెండవ వాక్యాన్ని ప్రతి కేసులోనూ ఎదురు విచారణ గుర్తు చేస్తూ ఉండవలసిందే.

పొరుగున పాకిస్తాన్‌లో 1984 నాటి ఖానూనె షహాదత్ ఉత్తర్వు 1872 చట్టం స్థానంలో వచ్చింది. సహేతుకమైన సందేహం కలిగించే పరిస్థితి ఒక్కటి ఉన్నా చాలు, దాని ఫలితం ముద్దాయికి దయగా గాక హక్కుగా దక్కుతుందని 1995లో ఆ దేశపు సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. 2002 నాటి మరో తీర్పు దోషిని వదలటంలో పొరపాటు నిర్దోషిని శిక్షించటంలో పొరపాటు కన్న మేలనే హదీసు భావాన్ని ప్రస్తావించింది. హదీసు స్ఫూర్తి హుదూద్ హద్దులు దాటి సాధారణ నేర న్యాయంలోకి ప్రవేశించిందనటానికి ఇది నిదర్శనం. ఆ విస్తరణ ఆధునిక న్యాయమూర్తులది. దానిని స్వాగతించవచ్చు, కాని పూర్వ ఫుఖహాల నిర్ణయంగా చెప్పటం సరికాదు.

ముగింపు

ఈ చరిత్రను బట్టి తేలేది ఇది. ఆయుధాల కేసులో ముద్దాయికి ఇస్లామీయ న్యాయం ఇచ్చే అండ ‘సందేహం’ అనే ఒక్క మాటలో లేదు. రుజువు భారం ఎవరిదో మరచిపోకపోవటంలో ఉంది. సాక్షి ఎవరో విచారించటంలో ఉంది. ఆవు రంగుకూ, ఆవు ఎద్దులకూ గల తేడాను గుర్తించటంలో ఉంది. ఈ మూడు పనులూ శ్రద్ధగా చేసిన తరువాత కూడా మిగిలిన సందేహమే సహేతుకమైనది. చేయకముందు కలిగేది ఊరక అనుమానం.

ఇందులో పాఠకులకు కూడా ఒక బాధ్యత ఉంది. వీధిలో సోదా జరుగుతుంటే మధ్యవర్తిగా రమ్మని పిలుపు ఎవరికైనా రావచ్చు. చాలామంది తప్పించుకుంటారు, కొందరు చూడనిదానికి సంతకం పెట్టి వస్తారు. పిలిచినప్పుడు సాక్షులు నిరాకరించరాదని, సాక్ష్యాన్ని దాచరాదని దివ్య ఖుర్ఆన్ రెండవ సూరా (282, 283) బోధిస్తున్నది. అరబ్బీ ‘షహాదత్’కు మూలార్థం ఎదుట ఉండటం, మన ‘సాక్షి’ అనే మాటలో ‘అక్షి’, అంటే కన్ను, ఉంది. ఎదుట ఉండి కంటితో చూసినదానికే సంతకం చేయాలి. ఆయుధం ఎక్కడి నుండి తీశారో చూడకపోతే, చూడలేదని ఆ కాగితం మీదనే వ్రాయించాలి. ఆ ఒక్క వాక్యం దోషికి శిక్ష పడటానికైనా, నిర్దోషి ఇంటికి తిరిగి రావటానికైనా ఆధారం కాగలదు.